ఊరికో తెర

2016 సెప్టెంబరులో జియో వచ్చి డేటా చవకయ్యాక సినిమా అరచేతిలోకి వచ్చింది. హైదరాబాద్ శివారు దొంతన్‌పల్లిలోని ఇక్ఫాయ్ విశ్వవిద్యాలయ క్యాంపస్‌లో చదివే పిల్లలకూ, ఆ చుట్టుపక్కల చేలల్లో పనిచేసే కూలీలకూ ఒకే సినిమా ఒకే రోజు అందుతోంది. తెలుగు కోసమే పుట్టిన ఓటీటీ ‘ఆహా’ 2020లో వచ్చింది. అంతకు ముందే, 2012లో, జగిత్యాల జిల్లా లంబాడిపల్లిలో మొదలైన యూట్యూబ్ ఛానెల్ ‘మై విలేజ్ షో’ తర్వాత ఆ ఊరి గంగవ్వను దేశవిదేశాల తెలుగువాళ్లకు బంధువును చేసింది. తెలంగాణ యాసను హాస్యానికీ విలన్లకూ వదిలేసిన వెండితెరకు ఇంతకన్నా గట్టి జవాబు లేదు.

కానీ అసలు ముచ్చట ‘బలగం’ సినిమాది. 2023 మార్చి 3న థియేటర్లకు, అదే నెల 24న అమెజాన్ ప్రైమ్‌కు వచ్చింది. ఆ వెంటనే పల్లెపల్లెన తెర కట్టి, ప్రొజెక్టరు పెట్టి, జనం నేలమీద కూర్చుని చూశారు. చనిపోయిన పెద్దాయన పేరున పిట్టకు పెట్టిన ముద్దను కాకి ముట్టని ఆ కథకు ముసలీముతకా వెక్కివెక్కి ఏడ్చారు. మాటలు మానేసిన తోబుట్టువులు మళ్లీ కలిశారని వార్తలొచ్చాయి.

ఉచిత ప్రదర్శనలపై నిర్మాతలు పోలీసులకు ఫిర్యాదు చేశారు. పెట్టుబడి పెట్టినవారి బాధ న్యాయమే. ఇంటి కోసం కట్టిన ఓటీటీ చందా ఊరి తెరకు చెల్లదు. అయితే ఊరంతా కలిసి చూడాలనుకోవడం దొంగతనం కాదు. పంచాయతీ కొద్దిపాటి రుసుము కట్టి ఒక రాత్రికి ప్రదర్శన హక్కు పొందే ఏర్పాటును నిర్మాతలు, ఓటీటీ సంస్థలు, రాష్ట్ర చలనచిత్ర అభివృద్ధి సంస్థ కలిసి తేవాలి.