మందు కాని మందు

మన వాడుకలో ‘మందు’ అను మాటకు ఔషధమనియు, మద్యమనియు రెండర్థములు స్థిరపడినవి. ఇది పరిహాసమునకు పుట్టిన వాడుకయే కావచ్చును. కాని విశాఖపట్టణమున పెక్కు గృహములలో నీ రెండర్థములును నిజముగనే యేకమైపోయినవి. ఎవనికైనను నడుము ప్రక్కను శూల పుట్టి, మూత్రపిండములో రాయి యున్నదని తెలిసినతోడనే బంధువులును, తోడి పనివారును చెప్పెడి మొదటి మాట యిది: “రోజుకో బీరు తాగు బావా, రాయి కరిగి పడిపోద్ది.” త్రాగుడనిన నసహ్యించుకొను నిల్లాలు సైతము భర్త బాధను చూడజాలక యీ సలహాకు తలయొగ్గుచున్నది. ఇంతకాలము గుమ్మము దాటనీయని సీసా నేడు ఔషధమను పేర వంటయింట చేరి కూర్చుండుచున్నది. విద్యావంతుల యిండ్లును దీనికి మినహాయింపు కావు.

ఈ భ్రమకు మూలమేమి? బీరు త్రాగినవానికి మూత్రము హెచ్చుగ వచ్చును. దానిని చూచి లోపలి మలినమంతయు కడిగివేయబడుచున్నదని జనులు సంతసింతురు. జరుగునది వేరు. దేహములోని నీటిని పొదుపు చేయుమని మూత్రపిండములకు ఆజ్ఞ యిచ్చు వాసోప్రెసిన్ అను రసము మెదడు క్రిందనున్న పిట్యూటరీ గ్రంథినుండి వెలువడుచుండును. మద్యసారము దాని నణచివేయును. అంతట తూము తెరచిన చెరువువలె దేహము నీటిని పోగొట్టుకొనును. మత్తు దిగిన పిమ్మట నాలుక పిడచగట్టును, మూత్రము చిక్కబడును. రాళ్లు పేరుకొనుటకు అనుకూలమైన స్థితి యదియే కదా!

రాళ్లలో పెక్కు కాల్షియం ఆక్జలేటుతో నేర్పడినవి. వీనిని బీరు కరగింపజాలదు. యూరిక్ ఆమ్లపు రాళ్లు మాత్రము వైద్యుడిచ్చు క్షారౌషధములచే కరుగవచ్చును. కాని బీరులోని ప్యూరినులు దేహమున యూరిక్ ఆమ్లముగనే మారును. మద్యసారము ఆ యామ్లము బయటికి పోకుండ నడ్డగించును. శత్రువును వెడలగొట్టుటకు పోయి వానికి విందు చేయుట యిట్టిదే.

“అయినను నాకు తగ్గినదే!” యని కొందరందురు. 5 మిల్లీమీటర్లకు లోబడిన రాళ్లలో అధికభాగము తమంత తామే పడిపోవును. ఆ కీర్తి బీరునకు కట్టబెట్టుట, తన కోడియు కుంపటియు లేకున్న తెల్లవారదనుకొన్న ముసలమ్మ వాదము వంటిది. పాశ్చాత్య దేశములందలి కొన్ని పరిశీలనలలో, మితముగ బీరు త్రాగువారికి రాళ్లు కొంత తక్కువగ కనబడిన మాట దాచనేల? కాని యది ఏర్పడిన రాయి కరగుటను గూర్చినది కాదు. ఇక మితమన నెంత? నూటికి 7 పాళ్లు మద్యసారముగల 650 మిల్లీలీటర్ల సీసాలో 45 మిల్లీలీటర్లకు పైగా మద్యసారముండును. 30 మిల్లీలీటర్ల విస్కీ పెగ్గులు మూడింటను అంత యుండదు! దీనిని నిత్యౌషధమని సేవించువాడు ఆరునెలలకు రోగినుండి త్రాగుబోతుగా మారినచో ఆశ్చర్యమేమి?

రాయి మూత్రనాళమున కడ్డుపడియున్నపుడు బలవంతముగ మూత్రమును పెంచిన మూత్రపిండముపై ఒత్తిడియు, శూలయు హెచ్చును. ప్రోస్టేటు గ్రంథి పెరిగిన వృద్ధులకు ఒక్క రాత్రి త్రాగుడుచే మూత్రము పూర్తిగ బిగియవచ్చును. వీనికంటె గొప్ప కీడు కాలహరణము. శూలతో చలిజ్వరము వచ్చినను, మూత్రము నిలిచిపోయినను, అది ఆ గడియయందే ఆసుపత్రికి పోవలసిన యాపద. 1923 నుండి కింగ్ జార్జి ఆసుపత్రియు, వైద్య కళాశాలయు గల నగరమున మద్యపు దుకాణమును వైద్యశాలగా నెంచుట మనకు సిగ్గుచేటు.

ఓడరేవున ఎండలో బరువులు మోయువారికిని, కొలుముల చెంత నిలుచువారికిని చెమట రూపమున నీరు ధారలుగ పోవును. వారికి కావలసినది నీరు. రాళ్ల రోగి దినమునకు 2½ లీటర్ల మూత్రము వచ్చునంతగ నీరు త్రాగవలెననియు, ఉప్పు తగ్గింపవలెననియు వైద్యులు చెప్పుదురు; నిమ్మరసమును మేలు చేయును. మూత్రపిండములు క్షీణించినవారును, హృద్రోగులును మాత్రము వైద్యు నడిగియే త్రాగవలెను. ఇంత చౌకయైన మందు నెవ్వరును పొగడరు. దానిని కొనుటకు దుకాణము లేదు గదా! మరుగుదొడ్డి లేని పనిస్థలమున మూత్రమునకు వెరచి రోజంతయు నీరు ముట్టని స్త్రీ మూత్రపుమంటతో బాధపడుచుండ, ఆమెకు సలహా చెప్పువాడే లేడు. త్రాగునీరును, మరుగుదొడ్లును ఉండవలెనని 1948 నాటి కర్మాగారముల చట్టమే విధించెను.

1992లో నెల్లూరు జిల్లా దూబగుంట స్త్రీలు సారా దుకాణమును మూయించి, ఆ యుద్యమమును రాష్ట్రమంతట వ్యాపింపజేసిరి. 1995లో వచ్చిన సంపూర్ణ మద్యనిషేధము 1997లో సడలిపోయినది. ప్రభుత్వములు తలుపులు తెరచును, మూయును. మన యింటి తలుపు మన చేతిలోనిది. సోదరీమణులారా! వీధిలో నెదుర్కొన్న శత్రువును వైద్యవేషమున వచ్చినపుడు లోనికి పిలువకుడు. ఉక్కు మన హక్కని 1966లో ప్రాణములొడ్డిన యీ నగరమున, ఉక్కు కరగించువాని హక్కు బీరుసీసా కాదు, చల్లని మంచినీరు.