మట్టిబొమ్మల సాక్ష్యం

1975 ఏప్రిల్ 17న ఖ్మేర్ రూజ్ దళాలు కంబోడియా రాజధాని నామ్ పెన్‌ను ఆక్రమించి, నగరాన్ని ఖాళీ చేయించి జనాన్ని పొలాలకు తోలాయి. నాలుగేళ్లు తిరక్కుండానే సుమారు 17 లక్షల మంది ఆకలికీ, వెట్టిచాకిరీకీ, హత్యలకూ బలయ్యారు. ఆ రోజుల్లోనే కన్నవాళ్లను, తోబుట్టువులను పోగొట్టుకున్న రితీ పాన్, ఫ్రాన్స్ చేరి సినిమా నేర్చుకున్నారు.

ఆయన 2003 నాటి 'ఎస్-21' చిత్రంలో ఒక దృశ్యం చూసితీరాలి. ఎస్-21 అనే ఖ్మేర్ రూజ్ జైలులో ఒకప్పుడు కాపలా కాసిన మనిషి ఖాళీ గదిలోకి వస్తాడు. లేని ఖైదీలను తనిఖీ చేస్తాడు, గదమాయిస్తాడు, లేని తాళం బిగిస్తాడు. మాటల్లో తప్పించుకోజూసిన నేరాన్ని అతని ఒళ్లే ఒప్పుకుంటుంది. ఏ తీర్పు ప్రతిలోనూ ఇంత నిజం కనపడదు.

నియంతలు ప్రచారానికి ఫిల్ము తీశారు గానీ, చిక్కి శల్యమైన కుటుంబాలను తీయలేదు. ఆ లోటును 2013లో ఆయన చిత్రం 'ది మిస్సింగ్ పిక్చర్' మట్టిబొమ్మలతో పూడ్చింది. ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది.

అవార్డులకన్నా మేం విలువైనదిగా భావించేది 2006లో నామ్ పెన్‌లో ఆయన చొరవతో మొదలైన బోఫానా కేంద్రాన్ని. ఎస్-21లో హతమైన ఒక యువతి పేరే దానికి పెట్టారు. పాత చిత్రాలు, శబ్దాలు అక్కడ భద్రంగా ఉన్నాయి. ఖ్మేర్ రూజ్ నేరాలపై అంతర్జాతీయ సహకారంతో నడిచిన ట్రైబ్యునల్ ముగ్గురినే దోషులుగా తేల్చి 2022లో విచారణలు ముగించింది. మిగిలిన సాక్ష్యాన్ని కాపాడే భారం ఒక దర్శకుడి భుజాలమీదే వదిలేయకుండా, ప్రభుత్వాలు నిధులిచ్చి నిలబెట్టాలి.