ఆటకు పనికొచ్చినవాడు కోచ్‌గా పనికిరాడా?

1966 ఏప్రిల్ 18న అమెరికాలోని బోస్టన్ నగరంలో ఒక విలేకరుల సమావేశం జరిగింది. బోస్టన్ సెల్టిక్స్ బాస్కెట్‌బాల్ జట్టుకు బిల్ రస్సెల్‌ను కొత్త కోచ్‌గా ప్రకటించారు. ఎన్.బి.ఏ. అని పిలిచే అక్కడి పెద్ద ప్రొఫెషనల్ లీగ్‌లో ఒక నల్లజాతి మనిషి కోచ్ కావడం అదే మొదటిసారి. ఒక విలేకరి లేచి, మీరు తెల్ల ఆటగాళ్ళ మీద తిరుగు పక్షపాతం చూపకుండా ఈ పని చేయగలరా అని అడిగాడు. చేయగలనన్నాడు రస్సెల్. ఎలా అని మళ్ళీ ప్రశ్న. ముఖ్యమైనది గౌరవం, బాస్కెట్‌బాల్‌లో మనిషిని సామర్థ్యాన్ని బట్టే గౌరవిస్తాం అనే అర్థం వచ్చేలా క్లుప్తంగా చెప్పి ఊరుకున్నాడు.

మిత్రులారా, ఈ ప్రశ్న దగ్గరే మేము ఆగిపోయాం. అప్పటికి రస్సెల్ ఆ జట్టుకు పది సీజన్లుగా ఆడుతున్నాడు. ఆయన వచ్చాక సెల్టిక్స్ ఎనిమిదిసార్లు చాంపియన్ అయింది. మరో పది రోజులకు తొమ్మిదోసారి కూడా అయింది. లీగ్ మొత్తంలో అత్యుత్తమ ఆటగాడని ఆయనకు ఐదుసార్లు అవార్డు ఇచ్చారు. అన్నేళ్ళు ఆయన గెలిపించినప్పుడు రాని అనుమానం, ఆయన చేతికి పెత్తనం వచ్చేసరికి వచ్చింది. బంతి ఇచ్చినంత తేలిగ్గా విజిల్ ఇవ్వరు. పరుగెత్తడానికి, ఎగరడానికి, చెమటోడ్చడానికి పనికొచ్చినవాడు, ఎవరు ఆడాలో ఎవరు బెంచీ మీద కూర్చోవాలో చెప్పడానికి మాత్రం పనికొస్తాడా అని సందేహం! మన పెద్దలకు ఇది కొత్త సందేహం కాదు. పొలంలో పనికి పిలిచినవాళ్ళే పంచాయతీలో కుర్చీ వేయడానికి వెనకాడిన సంగతి మన ఇళ్ళల్లో అందరూ వింటూ పెరిగినదే.

రస్సెల్ 1934లో లూసియానా రాష్ట్రంలో పుట్టాడు. అది తెల్లవాళ్ళకు ఒక గుమ్మం, నల్లవాళ్ళకు ఇంకో గుమ్మం ఉన్న కాలం. ఒకసారి తల్లి కేటీ మంచి దుస్తులు వేసుకుని వీధిలో వెళుతుంటే తెల్ల పోలీసు ఆపి, ఇవి తెల్ల ఆడవాళ్ళు వేసుకునే బట్టలు, ఇంటికెళ్ళి విప్పేయమన్నాడట. పెట్రోలు బంకులో తెల్లవాళ్ళ బళ్ళన్నీ అయ్యేదాకా తండ్రి చార్లీని ఆపేశారు. విసిగి వెళ్ళిపోబోతే తుపాకి చూపించారు. చెప్పులు చేత్తో పట్టుకుని పెద్దవీధి దాటిన తాతల సంగతి తెలిసిన మనకు ఇది ఎక్కడో దూరదేశపు కథలా అనిపించదు.

రస్సెల్‌కు ఎనిమిదేళ్ళప్పుడు ఆ కుటుంబం కాలిఫోర్నియాలోని ఓక్‌లాండ్‌కు వలస వెళ్ళింది. ప్రభుత్వం కట్టించిన పేదల ఇళ్ళలో ఉన్నారు. పన్నెండేళ్ళకే తల్లి చనిపోయింది. మెక్‌క్లైమండ్స్ హైస్కూల్లో చేరాక అతన్ని గొప్ప ఆటగాడని ఎవరూ అనుకోలేదు. జూనియర్ జట్టుకు పదిహేను యూనిఫారాలే ఉన్నాయి, రస్సెల్ పదహారోవాడు. జార్జ్ పౌల్స్ అనే తెల్ల కోచ్ అతన్ని తీసేయకుండా, చివరి యూనిఫారాన్ని ఇంకో కుర్రాడితో పంచుకోమన్నాడు. ఒక మ్యాచ్‌కు ఒకడు, ఇంకో మ్యాచ్‌కు ఇంకొకడు. ఒక ట్రంకు పెట్టెను ఇద్దరు వాడుకున్న మనకు దీని సంగతి విడమర్చి చెప్పనక్కర్లేదు. అదే స్కూల్లో రస్సెల్‌తో పాటు బాస్కెట్‌బాల్ ఆడిన మరో నల్లజాతి కుర్రాడు ఫ్రాంక్ రాబిన్సన్. అమెరికా మేజర్ లీగ్ బేస్‌బాల్‌లో 1975లో మొదటి నల్లజాతి మేనేజర్ అయింది అతనే. ఒకే స్కూలు నుంచి రెండు ఆటల్లో ఇద్దరు మొదటివాళ్ళు! పదహారోవాడిని కూడా ఉంచుకున్న ఆ కోచ్ పేరు అందుకే ఇక్కడ రాస్తున్నాం.

తర్వాత స్కాలర్‌షిప్ మీద శాన్‌ఫ్రాన్సిస్కో విశ్వవిద్యాలయంలో చేరాడు. అక్కడి రూమ్మేటు కె.సి. జోన్స్. ఇద్దరూ గదిలో కూర్చుని ఆట గురించి గంటలు గంటలు మాట్లాడుకునేవారట. బంతి ఏ కోణంలో వస్తే ఎటు పోతుంది, ఎదుటివాణ్ణి ఎక్కడ నిలబెడితే వాడికి షాటు దొరకదు, ఇదంతా లెక్కల పాఠంలా తేల్చుకునేవారు. 1955లోనూ 1956లోనూ ఆ విశ్వవిద్యాలయం జాతీయ చాంపియన్. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో ఇద్దరికీ బంగారు పతకం. రస్సెల్ కోచింగ్ నిజానికి 1966లో కాదు, ఆ గదిలోనే మొదలైందని మా అభిప్రాయం. ఎదుటివాడి షాటును అడ్డుకున్నప్పుడు అందరిలా బంతిని గ్యాలరీలోకి కొట్టి చప్పట్లు కొట్టించుకోకుండా, అది తన జట్టువాడి చేతిలో పడేలా తట్టడం ఆయన అలవాటు. అలా ఆడేవాడికి కోర్టులో ఎవరెక్కడున్నారో ఎప్పుడూ తెలిసే ఉంటుంది. కోచ్‌కు కావాల్సిన మొదటి గుణం అదే కదా.

ఆటగాడిగా ఉన్నప్పటి ఒక్క సంఘటన మాత్రం చెప్పి ముందుకు వెళతాం. 1961లో కెంటకీ రాష్ట్రంలోని లెక్సింగ్టన్‌లో ప్రదర్శన మ్యాచ్. బస చేసిన హోటల్ కాఫీ షాపులో సెల్టిక్స్ నల్ల ఆటగాళ్ళకు తిండి పెట్టం పొమ్మన్నారు. రస్సెల్, మిగతా నల్ల ఆటగాళ్ళు మ్యాచ్ ఆడకుండా విమానమెక్కి వెళ్ళిపోయారు. ఎదుటి జట్టులోని నల్ల ఆటగాళ్ళు కూడా ఆడలేదు. తెల్లవాళ్ళు మాత్రం ఆ రాత్రి మ్యాచ్ ఆడారు. మన టీకొట్లలో రెండు గ్లాసుల పద్ధతి ఎరిగినవారెవరైనా ఆ సాయంత్రాన్ని ఊహించుకోగలరు. ఇదే రస్సెల్ ఇంట్లో దుండగులు జొరబడి గోడల నిండా జాతి దూషణలు రాసి, పడుకునే మంచాన్ని మలంతో పాడుచేశారు. ఏ ఊరి జట్టును ఆయన చాంపియన్‌ను చేశాడో, ఆ బోస్టన్‌కు దగ్గరలోనే ఆ ఇల్లు.

ఇక కోచింగ్ సంగతి. పదహారేళ్ళు కోచ్‌గా చేసి తప్పుకుంటున్న రెడ్ ఆవర్‌బాక్ ముందుగా అడిగింది రస్సెల్‌ను కాదు. ఫ్రాంక్ రామ్సే, బాబ్ కూసీ, టామ్ హైన్సన్ అనే ముగ్గురు మాజీ తెల్ల ఆటగాళ్ళను అడిగాడు. ముగ్గురూ వద్దన్నారు. అప్పుడు రస్సెల్ వంతు వచ్చింది, వెంటనే సరేనన్నాడు. ఆటగాడిగా కొనసాగుతూనే కోచ్. పక్కన సహాయ కోచ్ కూడా లేడు. రొప్పుతూ కోర్టులో పరుగెడుతున్నవాడే ఎవర్ని మార్చాలి, ఎప్పుడు టైమవుట్ అడగాలి అని కూడా చూసుకోవాలి.

మొదటి ఏడాది 60 గెలుపులు, 21 ఓటములు. ఎవరికైనా మంచి లెక్కే. కానీ 1967 ప్లేఆఫ్స్‌లో ఫిలడెల్ఫియా చేతిలో 4-1తో ఓడిపోయారు. వరుసగా ఎనిమిదేళ్ళు చాంపియన్ అయిన జట్టు, మొదటి నల్ల కోచ్ వచ్చిన ఏడాదే ఓడింది. ఏప్రిల్‌లో ఆ ప్రశ్న అడిగినవాళ్ళకు ఇంతకంటే ఏం కావాలి? రస్సెల్ ఎదుటి జట్టు గదికి నడిచి వెళ్ళి విల్ట్ చాంబర్లేన్‌ను అభినందించి వచ్చాడు.

ఆయన కోచ్‌గా ఉన్న రోజుల్లోనే లూసియానాలో పుట్టి పెరిగిన తాత జేక్ ఒక మ్యాచ్ చూడటానికి వచ్చాడు. ఆట అయ్యాక ఆటగాళ్ళ గదిలోకి వెళితే, నల్లవాడైన శామ్ జోన్స్, తెల్లవాడైన జాన్ హావ్లిచెక్ పక్కపక్క షవర్ల కింద స్నానం చేస్తూ ఆట గురించి కబుర్లాడుకుంటున్నారు. ముసలాయన కన్నీళ్ళు పెట్టుకున్నాడు. ఒకే నీళ్ళ కింద ఇద్దరు. ఆ జట్టుకు తన మనవడు పెద్ద. మేము చదివిన రస్సెల్ కథ మొత్తంలో మాకు బాగా గుర్తుండిపోయింది కప్పులు కాదు, ఈ ముసలాయనే.

1968లో మళ్ళీ ఫిలడెల్ఫియాతోనే తలపడ్డారు. మొదటి మ్యాచ్ ఏప్రిల్ 5న. అంతకు ముందురోజే మార్టిన్ లూథర్ కింగ్‌ను కాల్చి చంపారు. ఆడాలా వద్దా అని తర్జనభర్జనలు పడి చివరికి ఆడారు, సెల్టిక్స్ గెలిచింది. తర్వాత వరుసగా మూడు ఓడి 3-1తో వెనకబడింది. అంత వెనకబడ్డాక సిరీస్ గెలిచిన జట్టు అప్పటిదాకా లీగ్ చరిత్రలో లేదు. సెల్టిక్స్ మిగిలిన మూడూ గెలిచి, ఫైనల్లో లాస్ ఏంజెలస్ లేకర్స్‌నూ ఓడించింది.

1969 ఇంకా విచిత్రం. జట్టు ముసలిదైపోయింది. తమ డివిజన్‌లో నాలుగో స్థానంతో బయటపడింది. రస్సెల్‌కు 35 ఏళ్ళు, అయినా 48 నిమిషాల ఆటలో సగటున 42 నిమిషాలకు పైగా ఆడాడు. ఫైనల్ ఏడో మ్యాచ్ మే 5న లేకర్స్ సొంత కోర్టులో. గెలుపు తమదేననే ధీమాతో లేకర్స్ యజమాని పైకప్పు కింద బెలూన్లు కట్టించి ఉంచాడు. గెలవగానే అవి ఎలా వదలాలో, బ్యాండు ఎప్పుడు వాయించాలో కాగితం మీద అచ్చు కూడా వేయించారు. ఆ కాగితం రస్సెల్ చేతిలో పడింది. తన వాళ్ళకు వేరే ఉపన్యాసం అవసరం లేకపోయింది! చివరి నిమిషాల్లో లేకర్స్ తరఫున ఆడుతున్న చాంబర్లేన్ మోకాలి దెబ్బతో బయటకు వచ్చాడు. మళ్ళీ వెళతానంటే వాళ్ళ కోచ్ పంపలేదు. సెల్టిక్స్ 108-106తో గెలిచింది. బెలూన్లు పైనే ఉండిపోయాయి. ఆ వెంటనే రస్సెల్ ఆటకూ, సెల్టిక్స్ కోచింగ్‌కూ స్వస్తి చెప్పాడు. పదమూడు సీజన్లలో పదకొండు చాంపియన్‌షిప్‌లు, అందులో రెండు కోచ్‌గా.

సాధారణంగా రస్సెల్ కథ ఇక్కడితో ఆపేస్తారు. వార్షికోత్సవాలకు వచ్చే పెద్దలు మనకు చెప్పే కథలన్నీ ఇలాంటి చోటే ఆగుతాయి. ఈ వ్యాసం రాసేముందు మాలో కూడా వాదన జరిగింది. మిగతాది ఎందుకు, జూనియర్లు నిరుత్సాహపడతారు అన్నారు కొందరు. రాయాల్సింది అదేనని మిగతావాళ్ళు పట్టుబట్టారు.

1973లో రస్సెల్ సియాటిల్ సూపర్‌సోనిక్స్ జట్టుకు కోచ్, జనరల్ మేనేజర్ అయ్యాడు. అంతకు ముందు ఏడాది ఆ జట్టు 82 మ్యాచ్‌లలో గెలిచింది 26. రస్సెల్ వచ్చాక మొదట 36, తర్వాత 43. 1975లో ఆ జట్టు మొదటిసారిగా ప్లేఆఫ్స్‌కు వెళ్ళింది. కానీ అంతకు మించి పోలేదు. తాను నమ్మిన సమష్టి ఆట, రక్షణ ఆట ఆ కుర్రాళ్ళకు ఎక్కలేదని ఆయన విసిగిపోయాడు. తనకు సహజంగా వచ్చింది ఇతరులకు నేర్పేటప్పుడు కావాల్సిన ఓపిక ఆయనలో తక్కువేనేమో అని మాకు అనిపిస్తుంది. లెక్కలు గబగబా చేసే మా క్లాస్‌మేటు మాకు చెప్పబోయి కోప్పడటం మేము చూడనిదా! నాలుగేళ్ళకు మొత్తం 162 గెలుపులు, 166 ఓటములు. బోస్టన్‌లో మూడేళ్ళ గెలుపులు కూడా సరిగ్గా 162 కావడం ఒక వింత. కాకపోతే అక్కడి ఓటములు 83. తర్వాత 1987లో శాక్రమెంటో కింగ్స్‌కు వెళ్ళాడు. 17 గెలిచి 41 ఓడేసరికి, సీజన్ పూర్తి కాకముందే కోచ్ పదవి నుంచి తప్పించారు.

ఇక్కడే మేము చెప్పదలుచుకున్నది ఉంది. 1975లో సియాటిల్‌ను ప్లేఆఫ్స్‌లో ఓడించింది గోల్డెన్ స్టేట్ జట్టు. దాని కోచ్ ఆల్ ఆటిల్స్, నల్లజాతి మనిషే. ఆ జట్టు ఫైనల్లో వాషింగ్టన్‌ను ఓడించింది. వాషింగ్టన్ కోచ్ ఎవరనుకున్నారు? రస్సెల్ కాలేజీ రూమ్మేటు కె.సి. జోన్స్! తొమ్మిదేళ్ళ కిందట పక్షపాతం చూపవు కదా అని అడిగిన లీగ్‌లో, ఇప్పుడు ఫైనల్‌కు రెండు వైపులా నల్ల కోచ్‌లే నిలబడ్డారు. రస్సెల్ ఓడిన ఏడాది అది. శాక్రమెంటోలో ఆయన ఓడుతున్న సీజన్లోనే బోస్టన్‌కు కె.సి. జోన్స్, క్లీవ్‌లాండ్‌కు లెనీ విల్కెన్స్, సియాటిల్‌కు బెర్నీ బికర్‌స్టాఫ్ కోచ్‌లు. ముగ్గురూ నల్లవాళ్ళే. 1967లో రస్సెల్ ఓడితే జాతి మొత్తం ఓడినట్టు లెక్కగట్టడానికి జనం కాచుకుని ఉన్నారు. 1988లో ఓడింది రస్సెల్ ఒక్కడే. ఆయన ఓడినంత మాత్రాన పక్క జట్టు నల్ల కోచ్ కుర్చీ కదల్లేదు.

మన దగ్గర ఎలా ఉంది? వేరేవాళ్ళలో ఒక ఆఫీసరు తప్పు చేస్తే 'ఆయనంతే' అంటారు. మనవాళ్ళలో ఒకరు అదే తప్పు చేస్తే 'వీళ్ళంతే' అంటారు. ఆయన, వీళ్ళు అనే ఈ రెండు మాటల మధ్య ఎంత దూరముందో పరీక్షలో ఒక మార్కు తగ్గినా 'హాస్టల్ పిల్లలు' అనిపించుకున్న ప్రతి ఒక్కరికీ తెలుసు. పదకొండు కప్పులు గెలిచి చూపించు, అప్పుడు విజిల్ ఇస్తాం అనడం న్యాయం కాదు. అందరిలాగే గెలుస్తూ, అందరిలాగే ఓడుతూ, ఓటమిని తన ఒక్కడి పేరు మీదే రాసుకుని ఇంటికి వెళ్ళగలగాలి. మేము అడుగుతున్న సమానత్వం ఆ మాత్రమే.

రస్సెల్ కూడా తనను ఒక్కడినీ ఎత్తి చూపించడాన్ని ఒప్పుకోలేదు. 1975లో ఆయనను బాస్కెట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌కు ఆటగాడిగా ఎంపిక చేస్తే వెళ్ళలేదు. అందులోకి వెళ్ళే మొదటి నల్ల ఆటగాడు తాను కాకూడదు, తనకు ముందు దారి వేసినవాళ్ళున్నారు అన్నది ఆయన వాదం. 1950లో ఎన్.బి.ఏ.లో అడుగుపెట్టిన తొలి నల్ల ఆటగాళ్ళలో ఒకడైన చక్ కూపర్‌కు 2019లో ఆ గౌరవం దక్కాకే తన ఉంగరం తీసుకున్నాడు. నలభై నాలుగేళ్ళు ఆగాడన్నమాట. 2022 జూలై 31న 88వ ఏట కన్నుమూశాడు. అదే ఏడాది ఎన్.బి.ఏ. ఆయన వేసుకున్న 6వ నంబరును ఇక ఏ జట్టులోనూ కొత్తగా ఎవరికీ ఇవ్వకూడదని నిర్ణయించింది.

అంతకు ఏడాది ముందు, 2021లో, హాల్ ఆఫ్ ఫేమ్ ఆయనను రెండోసారి చేర్చుకుంది. ఈసారి కోచ్‌గా. అక్కడ చూసింది 341 గెలుపులు, 290 ఓటములున్న ఒక కోచ్ లెక్క. సియాటిల్‌వి, శాక్రమెంటోవి కూడా అందులో కలిసే ఉన్నాయి.