నీళ్ల సాంబారుతో కొండ ఎక్కమంటారా?

మన పిల్లలకు ధైర్యం చాలదు, ఓర్పు లేదు అనే పెద్దమనుషులు బళ్లలో ఉన్నారు, ఆఫీసుల్లో ఉన్నారు. ఆ మాట అనేముందు ఆ పిల్లల పళ్లెంలోకి ఒకసారి తొంగి చూడమంటున్నాం మేము.

2014 మే 25న ఎవరెస్టు ఎక్కినదెవరు? సాంఘిక సంక్షేమ గురుకులాల పిల్లలు. కూలినాలి చేసుకునే గిరిజనుల బిడ్డ మాలావత్ పూర్ణకు అప్పటికి 14 ఏళ్లు కూడా నిండలేదు. ఆనంద్ కుమార్ సైకిళ్లు బాగుచేసే దళితుని కొడుకు. భువనగిరి గుట్ట మీద, డార్జిలింగ్‌లో, లడఖ్ చలిలో తర్ఫీదిచ్చి పంపితే 8,848 మీటర్లు ఎక్కి వచ్చారు. అంత ఎత్తున ఆకలి చచ్చిపోతుంది, ఒళ్లు తన కండను తానే తింటుంది. కింద పట్టిన బలమే అక్కడ ఆధారం.

దక్షిణ ధ్రువం కథ మేము తరగతిలో చెప్తుంటాం. 1911 డిసెంబర్ 14న చేరిన నార్వే అముండ్‌సెన్ దారి పొడుగునా తిండి దండిగా దాచుకుంటూ పోయాడు. ఆ ఐదుగురూ బతికొచ్చారు. నెల తర్వాత చేరిన ఇంగ్లీషు దొర స్కాట్ ధైర్యంలో తక్కువేమీ కాదు. మంచులో బండి లాగే కష్టానికి వాళ్ల తిండి చాలలేదు, తిరుగుదారిలో ఐదుగురూ పోయారు. చలి కూడా కారణమే, కాదనం. అయితే ఆకలి ముందు మనసును కుంగదీస్తుంది, తర్వాతనే కాళ్లను.

ఇక మన ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల సంగతికొద్దాం. ఇల్లు విడిచి పదేళ్లు హాస్టల్లో చదవడం మాదిగ పిల్లోనికి ఎవరెస్టు కంటే తక్కువా? గోడ మీద మెనూలో గుడ్డు ఉంటాది, పళ్లెంలో ఉండదు. సాంబారులో బేడలు వెతుక్కోవాల. మేము చూసిన ఒక హాస్టల్లో పిల్లోళ్లు అన్నంలో పురుగులు ఏరుకుంటా తింటున్నారు. ఇదేందని అడిగితే, "మీ ఇంట్లో ఇదైనా ఉందా?" అన్నాడంట వార్డెను. ఆ మాట పురుగు కంటే చేటు. ఎందుకు లేదు? రాగిసంగటి ఉంది, ఊరిబిండి ఉంది, మీరు ముక్కు మూసుకునే పెద్దకూర ఉంది. ఆ రాత్రే ఇద్దరు పిల్లోళ్లు పెట్టె సర్దుకొని ఊరికి పోయినారు, మరుసటి దినం చెనిక్కాయలు పెరకను కూలికి పోయినారు. రిజిస్టర్లో మాత్రం "చదువుపై ఆసక్తి లేక" అని రాసుకున్నారు.

తల్లులారా, సంఘం తమ్ముళ్లారా! నెలకొకసారి చెప్పాపెట్టకుండా హాస్టలుకు పోండి. బియ్యం మూట విప్పించండి, గుడ్లు లెక్కబెట్టండి, పిల్లల పక్కన కూచొని అదే కూడు తినండి. ఏం పెట్టినారో తేదీతో సహా రాసి ఈ పత్రికకు పంపండి, అచ్చేస్తాం.