రెండు సెంటీమీటర్ల ఫాస్లా

ఫరీదా ఉస్మాన్ గురించి చెప్పగానే మన ఇళ్లల్లో వచ్చే మొదటి సవాల్ ఒకటే: "ఒలింపిక్స్‌లో మెడల్ తెచ్చిందా?" తేలేదు. 2012లో లండన్, 2016లో రియో, ఆ తర్వాత టోక్యో. మూడుసార్లు వెళ్లింది, మూడుసార్లూ మెడల్ లేకుండానే తిరిగొచ్చింది. అంతవరకు విని "అయితే ఏం లాభం" అని ఫైసలా చెప్పేసేవాళ్లు చాలామంది. అది నాఇన్సాఫీ అని నా రాయ్. ఎందుకో చెప్తాను.

ఈ ఈజిప్ట్ బేటీ 1995లో అమెరికాలోని ఇండియానాపోలిస్‌లో పుట్టింది, పెరిగింది మాత్రం కైరోలో. పన్నెండేళ్ల వయసుకే అరబ్ దేశాల క్రీడల్లో తన ముల్క్ తరఫున నీళ్లలోకి దిగింది. 2011లో పెరూ దేశపు లీమాలో జరిగిన ప్రపంచ జూనియర్ పోటీల్లో 50 మీటర్ల బటర్‌ఫ్లైలో గోల్డ్ గెలిచింది. తర్వాత బర్కిలీలోని కాలిఫోర్నియా యూనివర్సిటీలో చేరి, చదువుకుంటూనే ఈ ఈతని సానబెట్టుకుంది.

బటర్‌ఫ్లై చూడటానికి ఖూబ్‌సూరత్‌గా ఉంటుంది, ఈదేవాళ్లకే తెలుస్తుంది దాని తక్లీఫ్. రెండు చేతులూ ఒకేసారి నీళ్ల మీదుగా ముందుకు విసరాలి, రెండు కాళ్లూ కలిపి కొట్టాలి, చివర్లో రెండు చేతులూ ఒకేసారి గోడకి తగలాలి. 50 మీటర్ల రేసులో ఆ గోడ ఒక్కటే. కొలను ఒక చివర దూకితే రెండో చివర తేలడమే. మధ్యలో తిరగడం లేదు, దమ్ము దాచుకోవడం లేదు. దూకడంలో కాస్త తేడా వచ్చినా సరిచేసుకునే మౌకా ఉండదు. 100 మీటర్లు అలా కాదు. గోడ దగ్గర తిరగాలి, మళ్లీ నీటి అడుగున కాళ్లతో తోసుకుంటూ రావాలి, చివరి ఇరవై మీటర్లలో భుజాలు రాయిలా బరువెక్కినా ఆగకూడదు. ఒకదాంట్లో ఉస్తాద్ అయినవాళ్లు రెండోదాంట్లోనూ ఉస్తాద్ అవ్వాలని ఏమీ లేదు. మన పరుగు పందేల్లోనూ ఇంతే కదా!

2017లో బుడాపెస్ట్‌లో ప్రపంచ పోటీలు. 50 బటర్‌ఫ్లై ఫైనల్‌లో స్వీడన్‌కు చెందిన సారా ష్యోస్ట్రోమ్ 24.60 సెకన్లతో ఎవరికీ అందకుండా వెళ్లిపోయింది. రెండో స్థానం నెదర్లాండ్స్ అమ్మాయి రనోమి క్రోమోవిజోయోది, 25.38. ఫరీదా 25.39. సెకనులో వందో వంతు తేడా! ఆ వేగంలో లెక్క కడితే అది రెండు సెంటీమీటర్లు, వేలిమీద ఒక కణుపు అంత. ప్రపంచ పోటీల ఈతలో ఈజిప్టుకి దక్కిన మొదటి మెడల్ అదే. రెండేళ్ల తర్వాత దక్షిణ కొరియాలోని గ్వాంగ్జులో అదే రేసు, అదే ముగ్గురు, అదే వరస. ఫరీదాకి మళ్లీ కాంస్యం. కిస్మత్ కలిసొచ్చి ఒకసారి గెలిచిందిలే అనడానికి ఇక వీల్లేదు.

మరి ఒలింపిక్స్‌లో ఏమైంది? అసలు ఒలింపిక్స్‌లో ఆ రేసే లేదు. బటర్‌ఫ్లై అంటే అక్కడ 100, 200 మీటర్లు మాత్రమే. ప్రపంచంలో మూడో స్థానంలో నిలిచిన రేసుని పక్కనబెట్టి, తనది కాని దూరంలో వేరేవాళ్లతో తలపడాల్సి వచ్చింది. పెట్టని పరీక్షలో మార్కులేవని అడుగుతున్నాం మనం.

లిబాస్ సంగతి ఎవరో ఒకరు ఎత్తుతారని తెలుసు. ఈ మస్లా మీద ఒక్కో ఖాందాన్‌కి ఒక్కో అభిప్రాయం ఉంది, ఉండనివ్వండి. కానీ ఫరీదా పేరు వచ్చిన ప్రతిచోటా గుఫ్తగూ అక్కడే మొదలై అక్కడే ఆగిపోవడం నాకు నచ్చదు. ఆమె టైమింగ్ ఎంతో చెప్పగలిగినవాళ్లు ఆ మహ్‌ఫిల్‌లో ఒక్కరైనా ఉండరు. పిల్లలకు ఈత నేర్పించమని హజ్రత్ ఉమర్ అన్నారని మన పెద్దలు తరచూ చెప్తారు. ఆ మాట బేటాల దగ్గరే ఎందుకు ఆగిపోతుందో ఆలోచించాలి.

ఇక "తాలీమ్ పాడవుతుంది" అనే అమ్మీ అబ్బాల ఫికర్. ఆ ఫికర్‌ని నేను తేలిగ్గా తీసుకోను, ఫీజులు కట్టేది వాళ్లే. వాళ్లకి ఫరీదా కంటే ముందుతరం ఈజిప్ట్ స్విమ్మర్ రానియా ఎల్వానీ గురించి చెప్పాలి. 1992, 1996, 2000 ఒలింపిక్స్‌లో ఈదింది. మెడల్ రాలేదు. ఆ తర్వాత లేడీ డాక్టర్ అయింది, అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీలో మెంబరుగా కూర్చుంది. ఈత ఆమె చదువుని మింగేయలేదు.

2025లో ఒక ఖబర్ వచ్చింది. 2028 లాస్ ఏంజెలెస్ ఒలింపిక్స్‌లో 50 మీటర్ల బటర్‌ఫ్లైని చేర్చారు. అప్పటికి ఫరీదాకి 33 ఏళ్లు. బుడాపెస్ట్ రేసు నాటికి 22. పదకొండేళ్లు ఆలస్యంగా తెరిచిన దర్వాజా ఇది. ఆ ఫైనల్‌ని పిల్లలతో కలిసి టీవీలో చూసేటప్పుడు, మూడో అమ్మాయి చేతులు గోడకి తగలగానే గడియారం వైపు ఒకసారి చూడండి. 25.39కి ఇటా, అటా?