మధురవాణి మూసిన తలుపు

మొన్న మా తరగతి అమ్మాయి ఒకతె కవబాత నవల ‘మంచు దేశం’ చదివి వచ్చి, “మాస్టారూ, మన సాహిత్యంలో గెయిషా ఉందాండీ?” అని అడిగింది. బైలదిలా ఇనుపరాయి మన విశాఖ రేవులో ఓడలెక్కి జపాను వెళ్లిన సంగతి ఈ ఊరివాళ్లకు తెలిసిందే. బదులుగా అక్కడి కథ ఒకటి మా క్లాసుకు వచ్చింది గదా అని సంతోషించాను.

ఆ నవలలో కొమాకో వేడినీటి బుగ్గల ఊళ్లో గెయిషా. షిమామురా టోకియో నుంచి వచ్చిపోయే డబ్బున్న సంసారి. ఆమె ఆరాటపడుతుంది, ఆయన చూస్తూ కూర్చుంటాడు. రైలెక్కి వెళ్లిపోగలవాడు గనక పైచేయి ఆయనది.

గెయిషా వేరు, మన సాని వేరు సుమండీ. అయినా ఆ పిల్లకు మధురవాణిని చూపించాను. 1892లో ఆడి, 1897లో అచ్చయి, 1909లో గురజాడవారు తిరగరాసి పెంచిన ‘కన్యాశుల్కం’లో, ఆమె తమ సొత్తని ఇద్దరు మగవాళ్లు అనుకుంటారు. ఆ సొంతదార్లిద్దరూ, గిరీశమూ రామప్పంతులూ, ఒకనాడు ఆమె మంచం కిందే తలదాచుకున్నారు!

రామప్పంతులి వ్యామోహం చూడండి. ఊరందరినీ కోర్టుల చుట్టూ తిప్పే మనిషి. ఆమె దగ్గర ఎరువు తెచ్చిన కంటె మాయపెళ్లికూతురితో పాటు మాయమైతే, అది తెచ్చేదాకా ఆమె ఆయన్ని నిలవనివ్వదు. పెళ్లికూతురు మగపిల్లాడని ఆమెకు ముందే తెలుసు. తెలిసీ పరుగెత్తిస్తుంది. పంతులికి కావలసింది కంటె కాదు, ఆమె తలుపు తీయడం. కాని గిరీశాన్ని వదిలితే పంతులు, పంతుల్ని వదిలితే మరొకరు. తలుపు మూయడం ఆమె చేతిలో ఉందిగాని, ఇల్లు గడవడం ఆమె చేతిలో లేదు.

చివరి ఘట్టం మన విశాఖపట్నంలోనే. సానివాళ్ల మొహం చూడనని నియమం పట్టిన వకీలు సౌజన్యారావు పంతులుగారింటికి ఆమె మగవేషంలో వస్తుంది. లుబ్ధావధాన్లును కేసునుంచి బయటపడేసే రహస్యానికి వెల ఒక ముద్దు. ఆయన నలిగి నలిగి ఒప్పుకుంటాడు. తీరా ముందుకు వస్తే ఆమె వద్దంటుంది. రహస్యం మాత్రం ఊరికే ఇచ్చేస్తుంది. 1955 సినిమాలో సావిత్రిని చూసినవారికి ఆ పాత్ర ఠీవి వేరే చెప్పనక్కరలేదు.

అంతా విని ఆ పిల్ల, “తరవాత ఆవిడ ఎక్కడికి వెళ్లిందండీ?” అంది.

గురజాడవారు రాయలేదన్నాను. గంట కొట్టారు.