అరెస్టుకు ముందే రక్షణ

నాన్‌బెయిలబుల్ నేరంలో తనను అరెస్టు చేస్తారని సహేతుకంగా భయపడే వ్యక్తి సెషన్స్ కోర్టునుగానీ హైకోర్టునుగానీ కోరేదే ముందస్తు బెయిల్. పలుకుబడి గలవారు ప్రత్యర్థులను తప్పుడు కేసుల్లో ఇరికిస్తున్నారని లా కమిషన్ 1969లో గుర్తించి దీన్ని సిఫారసు చేసింది. 1973 నాటి నేర విచారణ స్మృతి (సీఆర్‌పీసీ)లో 438వ సెక్షన్‌గా చేరింది. దాని స్థానంలో 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో ఇది 482వ సెక్షన్.

ఎఫ్‌ఐఆర్ నమోదు కాకముందే దరఖాస్తు చేయవచ్చని గురుబక్ష్ సింగ్ సిబ్బియా కేసులో 1980లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. అయితే ఊహాగానం చాలదు, భయానికి ఆధారం చూపాలి. ఈ బెయిల్‌కు మామూలుగా గడువు పెట్టనక్కర్లేదని 2020లో సుశీలా అగర్వాల్ కేసులో మరో రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది.

ముందస్తు బెయిల్‌తో దర్యాప్తు ఆగదు. పిలిచినప్పుడు పోలీసుల ముందు హాజరు కావాలి, సాక్షులను బెదిరించకూడదు, అనుమతి లేకుండా దేశం దాటకూడదు వంటి షరతులను కోర్టు విధించవచ్చు. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కింద మాత్రం ప్రాథమిక ఆధారాలున్న కేసులో ఈ వెసులుబాటు లేదు. బాధితులను బెదిరించి నోరు నొక్కే చోట ఆ నిషేధం న్యాయమే.

పెద్ద న్యాయవాదిని పెట్టుకోగలవారికే ముందస్తు బెయిల్ అందడం మాత్రం అన్యాయం. జిల్లా న్యాయసేవాధికార సంస్థలు ఈ హక్కును పేదల గడపకు చేర్చాలి.